నూనె కాగే గురువారం

చనిపోయినవాళ్ళు తినరట, వాసన పీల్చుకుంటారట.
మా మేనత్త తుర్సునై చెప్పింది.
అందుకే గురువారం గురువారం
మూకుడు ముందు నిలబడి ఏడు రొట్టెలు వేయిస్తాను.
మొదటిది ఎప్పుడూ మాడుతుంది.
మాడిన వాసన కూడా చేరుతుందా
అని అడగాలనుంటుంది.
అడగను.

దొలోన్ కనుమ మలుపులో
బొగ్గు లారీ అదుపు తప్పిందట.
అందరూ అదే మాట అంటారు, అదుపు తప్పిందని,
మిగతావన్నీ ఎవరి అదుపులోనో ఉన్నట్టు.

వాళ్ళు బిష్కెక్ వెళ్ళిన ఆ మూడు రోజులూ
నేనెంత సంతోషంగా ఉన్నానో
ఇంతవరకూ ఎవరికీ చెప్పలేదు.
పొద్దెక్కేదాకా పడుకున్నాం నేనూ తమ్ముడూ.
మీగడలో చక్కెర కలుపుకుని గిన్నె నాకేశాం.
పొయ్యిలో పేడ పిడకలు వెయ్యడం మర్చిపోయి
దుప్పట్లన్నీ కప్పుకుని టీవీ చూశాం.
నాన్న కుర్చీలో కాళ్ళు చాపి
"ఇంకో రెండ్రోజులు రాకపోతే బావుణ్ణు" అన్నాను.
పైకే అన్నాను.
ఎర్బోల్ విన్నాడు.
వాడికి గుర్తుందో లేదో
వాడి కళ్ళలో వెతుకుతుంటాను, అన్నం తినేటప్పుడు.

ఇంటి ముందు బూడిదరంగు గుడారం లేపారు.
ఆడపిల్ల లోపల గోడకేసి తిరిగి కూర్చోవాలి,
వచ్చేవాళ్ళకు వీపు కనబడుతుండగా
పాట కట్టి ఏడవాలి.
ముసలి సుయున్‌కాన్ నా పక్కన చేరి
ఒక్కో మాటా నోటికి అందించింది,
పసిపిల్లకు ముద్ద పెట్టినట్టు.
నా గొంతు పెగల్లేదు.
బయట గుర్రపు మాంసం పాళ్ళు వేస్తున్నారు.
పక్కటెముకల దగ్గర ఎవరో ఎవరితోనో తగువు పడ్డారు.
నాకు నవ్వొచ్చింది.
కండువా అంచు నోట్లో కుక్కుకున్నాను.
భుజాలు ఊగిపోయాయి.
"పాపం బెగాయిమ్, ఇప్పటికి ఏడ్చింది" అన్నారు వెనకనుంచి.

నాన్న ఫోను ఇంకా మోగుతుంది.
ట్రాక్టరు పంపు బాగైందా అని
కారా-సూ నుంచి ఒకాయన.
"రేపు చేస్తాడు" అన్నాను.
మర్నాడు మళ్ళీ చేశాడు.
మళ్ళీ "రేపు" అన్నాను.
ఆ పంపు విప్పదీసి, గుడ్డమీద మరలు వరసగా పేర్చి ఉంది.
వాటిని కదిలించడానికి చేతులు రావు.

అమ్మ సగంలో వదిలేసిన కంబళి ఒకటి ఉంది.
నలుపు ఉన్నీ ఎరుపు ఉన్నీ ఒకదానిమీదొకటి పరిచి
ఒకే కత్తితో ఒకేసారి కోయాలి పొట్టేలు కొమ్ముల ముగ్గు.
ఎరుపులోంచి తీసిన కొమ్ము నలుపు కంతలో కూర్చుంటుంది,
నలుపుది ఎరుపులో.
ఇందులో పీలిక కూడా పారెయ్యక్కర్లేదు అనేది.
ఇప్పుడు రెండు కంతలున్నాయి.
మేమిద్దరం ఉన్నాం గానీ
ఆ ఆకారంలో లేం.

నిన్న బడికి తల దువ్వుతుంటే
ఎర్బోల్ "ఎజే" అనబోయి "అపా" అన్నాడు.
అక్క అన్న మాట నాలుక మీద జారి
అమ్మ అయిపోయింది.
దువ్వెన ఆగింది.
వాడి చెవులు ఎర్రబడ్డాయి.
చెంప పగలగొడదామనిపించింది,
వాడిదో నాదో తెలియలేదు.
"ఊఁ" అని పలుకుదామని కూడా అనిపించింది.
"కదలకు" అన్నాను.
అచ్చం అమ్మ గొంతు.
గుడారంలో నోరు తెరుచుకున్న రోజు
ఇది ఎక్కడ దాక్కుంది?

ఈ గురువారం ఎనిమిది వేశాను.
అత్త లెక్కపెట్టి, తప్పు అంది.
ఎనిమిదోది ఎవరికే అంది.
నిలబడే తినేశాను, నాలుక కాలుతున్నా.
ఆకలేసింది అన్నాను.
నిజంగానే వేసింది, నెలన్నర తర్వాత.

కిటికీ తియ్యవే, వాసన బయటికి పోవాలి కదా
అంటూ చేతులు తుడుచుకుంటోంది అత్త.
బయట మంచు. గడియ మీద నా చెయ్యి ఉంది.
చలి వస్తుందత్తా అన్నాను.
కాసేపు ఉండనీ.